కుప్పమ్మ అని ఎందుకు పెట్టారంటే

పోయిన నెలలో మా మనవరాలి బిడ్డకు పేరు పెట్టారు. పేరు వెతకడమంటే ఈ కాలంలో ఎంత పనో మీకు కూడా అనుభవమయ్యే ఉంటుంది. మా రోజుల్లో పోయిన పెద్దల పేరో, మొక్కుకున్న దేవుడి పేరో, ఏదో ఒకటి బిడ్డ పుట్టకముందే ఖాయమై కూర్చునేది. మా మనవరాలూ ఆమె భర్తా ఇద్దరూ శ్రీసిటీలో ఉద్యోగాలు చేస్తారు, చెరొక ఫోను పట్టుకుని తిరుపతిలో మా ఇంటి హాల్లో కూర్చుని రోజుల తరబడి వెతికారు. మొదట ఎవరూ వినని పేర్లన్నారు, తర్వాత నాకు నోరు తిరగని పేర్లన్నారు, చివరికి పాత పేర్లే ఇప్పుడు కొత్త ఫ్యాషనని ఎవరో చెప్పారట, దాంతో అవ్వల పేర్ల మీద పడ్డారు.

ఒక మధ్యాహ్నం నేను చిక్కుడుకాయలకు ఈనెలు తీస్తూ కూర్చుని ఉంటే, మనవరాలు వచ్చి ఫోను నా ముఖం ముందు పెట్టింది.

"అవ్వా, సూడు, నీ పేరు కూడా ఉండాది ఇందులో! అర్థం ఏమని రాసినారో తెలుసునా? ఐశ్వర్యం అంట!"

అద్దాలు సర్దుకుని చూశాను. నిజమే, నా పేరు రాసి, దాని కింద ఐశ్వర్యం, సమృద్ధి అని ముచ్చటగా రాసి, పక్కన తామరపువ్వు బొమ్మ కూడా వేశారు. రాసిన మహానుభావులెవరో గాని, నన్నొక్క మాట అడిగి ఉంటే బాగుండేది. నేను మళ్లీ కాయలు చేతిలోకి తీసుకున్నాను. పచ్చి బాలింతకు చెప్పే కథ కాదది. మీకైతే చెప్పవచ్చు. మీలో చాలామందికి ఇలాంటి పేరున్న అత్తో చిన్నమ్మో ఉండే ఉంటుంది, ఆ పేరు వినబడితే చిన్నప్పుడు మీరూ పకపకా నవ్వే ఉంటారు.

నా పేరు కుప్పమ్మ. కార్వేటినగరం దాటి కొంచెం దూరం పోతే మా పుట్టిన ఊరు. అక్కణ్ణుంచి తమిళసీమ దగ్గరే, తిరుత్తణి వైపు పోతే ఇదే పేరును కుప్పమ్మాళ్ అంటారు, మగపిల్లలైతే కుప్పయ్యలు, కుప్పుస్వాములు. ఇది ఏ దేవత పేరూ కాదు, ఏ ఐశ్వర్యమూ కాదు. కుప్ప అంటే ఇంటి వెనక పేడా కసువూ పోసే దిబ్బ. ముందు పుట్టిన బిడ్డలు ఒకరి వెనక ఒకరు పోతుంటే, ఆ తర్వాత పుట్టిన బిడ్డను తీసుకుపోయి దిబ్బ మీద పడుకోబెట్టి వచ్చేవారు. ఈ బిడ్డ ఎవరికీ అక్కర్లేదు, పారేశాము, నువ్వు కూడా చూడవద్దు అని మృత్యువుకు చెప్పడమన్నమాట. తర్వాత బిడ్డలందరూ బతికి బట్టకట్టిన వేరే ఇంటి ఇల్లాలు ఒకామె దోవన పోతున్నట్టు వచ్చి, అయ్యో ఎవరో పారేసిపోయారే అని ఎత్తుకుని తన ఇంటికి తీసుకుపోతుంది. అప్పుడు కన్నతల్లి చేటలో తవుడు తీసుకుపోయి, అది ఆమెకిచ్చి, బిడ్డను కొనుక్కుని వస్తుంది. దిబ్బ మీద దొరికినందుకు కుప్పమ్మ. తవుడుకు కొన్నందుకు తవిటమ్మ అని పెట్టే ఊళ్లు కూడా ఉన్నాయట, మా వైపు మాత్రం కుప్పమ్మే.

నన్ను ఎత్తుకున్నది మా ఎదురింటి పెద్దమ్మ. ఆమెకు ఇంటినిండా పిల్లలు, ఒక్కరికీ జలుబు కూడా చేసేది కాదు. నాకు ముందు మా అమ్మకు పుట్టినవాళ్లు ఎందరో అమ్మ నోట నేనెప్పుడూ వినలేదు. పెద్దమ్మే చెప్పేది. ఒకడు పురిట్లోనే పోయాడట, ఒకతె నడక వచ్చి వీధిలోకి పరుగెత్తే వయసులో పోయిందట, ఇంకా ఉన్నారు. అందరికీ చక్కని పేర్లుండేవట. అమ్మకు అప్పుడు పట్టుమని ఇరవై ఏళ్లు లేవు, బిడ్డలను చంకనేసుకుని వీధి అరుగు మీద కూర్చుని, నా బంగారు, నా బిడ్డ, నా చిట్టి తల్లి అని నలుగురి ముందూ ముద్దులాడేదట. నాయనను కన్న మా జేజి అది చూసి చూసి, చివరి బిడ్డ పోయిన రోజున ఇంటినిండా జనం ఉండగా తీర్పు చెప్పేసిందట, బిడ్డలను తిన్నది ఏ దెయ్యమూ కాదు, ఈమె నోరే అని. పొంగిపోయి నా బిడ్డ నా బిడ్డ అని చాటింపు వేసి, మృత్యువుకు దారి చూపించింది ఈమే అని.

ఆ ముసలమ్మను తలచుకుంటే ఇప్పటికీ నా ఒళ్లు మండుతుంది. అప్పటికే అన్నీ పోగొట్టుకుని కూర్చున్న పిల్లను పట్టుకుని అనవలసిన మాటేనా అది? కాని అమ్మ నమ్మింది. తన నోరే తన బిడ్డలను చంపిందని నమ్మి, నేను పుట్టిన తర్వాత ఆ నోటికి తాళం వేసుకుంది. దిబ్బ దగ్గర తతంగం జరిగిన రోజున జేజి పెట్టిన షరతు ఒక్కటే. ఈ బిడ్డను తవుడుకు కొన్నావు, కన్నావని మాత్రం ఎప్పుడూ అనవద్దు అని.

మిగిలిన ఇళ్లల్లో ఈ వేషం నాలుగు రోజులు నడిచి ఆగిపోయేది. మా ఊళ్లోనే నాతో పాటు ఇంకో ఇద్దరు కుప్పమ్మలు ఉండేవాళ్లు, వాళ్ల తల్లులు వాళ్లను ఒళ్లో వేసుకుని ముద్దు చేయడం, కొట్టడం, నా కడుపున పుట్టి నన్నే ఎదిరిస్తావా అని తిట్టడం నేను కళ్లారా చూశాను. ఆ తిట్టు కోసం నేనెంత మొహం వాచి ఉండేదాన్నో మీకు చెప్పినా అర్థం కాదు. మా ఇంటికి ఎవరైనా వచ్చి, పాప బాగుందే, నీ బిడ్డేనా అని అడిగితే, అమ్మ మామూలుగా, కూరగాయల సంగతి చెప్పినట్టు చెప్పేది.

"ఎవురి బిడ్డో, దిబ్బ మీద దొరికింది. మా ఇంట్లో రోంత కూడు తింటా ఉండాది."

అట్లాగని అమ్మ నన్ను పస్తు పెట్టిందీ లేదు, గుడ్డ లేకుండా ఉంచిందీ లేదు. తలకు నూనె పెట్టేటప్పుడు ఆమె వేళ్లు ఎంత మెత్తగా తిరిగేవో నాకు ఇప్పటికీ తెలుసు. జ్వరం వస్తే నా మంచం కోడు పట్టుకుని కింద కూర్చునేది. కాని మాట మాత్రం రాదు. మా వైపు గంగజాతరలో జనం వేషాలు వేసుకుని అమ్మవారిని బండబూతులు తిడతారు, అదీ మొక్కే అంటారు. జాతర అయిపోతే వేషం కడిగేసుకుని ఎవరింటికి వాళ్లు పోతారు. మా అమ్మ వేషం కడుక్కోలేదు.

పోనీ ఇంట్లో నేనొక్కదాన్నే ఉంటే లోకమంతా ఇంతేనేమో అనుకుని ఊరుకునేదాన్ని. నా తర్వాత తమ్ముడు పుట్టాడు. వాణ్ణి ఏ దిబ్బ మీదా పడుకోబెట్టలేదు. దేవుడి పేరు పెట్టారు. అక్క అడ్డంగా నిలబడి ఉంది గనుక వాడికేమీ కాదని పెద్దలు తేల్చేశారు. అన్నేళ్లుగా లోపల దాచిపెట్టుకున్న ముద్దుమాటలన్నీ అమ్మ వాడి మీద కుమ్మరించింది, జేజి కూడా నోరెత్తలేదు. నా తండ్రీ, నా బిడ్డా అని వాణ్ణి పిలుస్తుంటే నేను వాకిట్లో నీళ్లు చల్లుతూ వినేదాన్ని. అమ్మకు బిడ్డ వాడు, వాడికి కాపలా నేను. ఇట్లా రాస్తే కొందరికి కోపం రావచ్చు, ఇంత వయసు వచ్చినా ఇంకా కన్నతల్లి మీద అక్కసా అని. అవును, అక్కసే. వయసు వస్తే అన్నీ కరిగిపోతాయని చెప్పేవాళ్లు చాలామంది ఉన్నారు, నాకైతే ఇది కరగలేదు.

నాయన మెత్తని మనిషి. ఒకసారి చెరకు తోటలో నీళ్ల మడవ మారుస్తూ, చుట్టుపక్కల ఎవరూ లేరని చూసుకుని, నా తల మీద చెయ్యి పెట్టి "నా తల్లే" అన్నాడు. అని, వెంటనే భయపడి పక్కకు తిరిగి థూ థూ అని ఉమ్మేసి, ఇంట్లో చెప్పవద్దన్నాడు. నేను చెప్పలేదు. ఆ రెండు మాటలూ పట్టుకుని చాలా రోజులు తిరిగాను.

బడిలో పిల్లలు నన్ను ఏమని పిలిచేవారో మీరే ఊహించుకోండి, చెత్త ఊడ్చే పని వచ్చినప్పుడల్లా అందరూ నావైపే చూసేవారు. మా అయ్యవారు చిత్తూరు నుంచి వచ్చిన చదువుకున్న మనిషి, జాలిపడి, ఇంత చక్కగా పద్యాలు చదివే పిల్లకు ఈ పేరేమిటని, ఇకనుంచి నువ్వు పద్మావతివి అన్నాడు. హాజరు పిలిచినప్పుడు పద్మావతి అని వినబడితే నా వెన్ను దానంతటదే నిటారుగా అయ్యేది. ఆ సంబరం వారం కూడా నిలవలేదు. నాకు తట్టు పోసింది. ఊళ్లో ఆ ఏడు చాలామంది పిల్లలకు పోసింది, వాళ్లెవరూ పేర్లు మార్చుకున్నవాళ్లు కాదు. అయినా సంగతి తెలిసిన అమ్మ, బడి గడప ఎప్పుడూ తొక్కని మనిషి, కొంగు నడుముకు చుట్టుకుని పోయి అయ్యవారి ముందు నిలబడిందట.

"అయ్యా, నువ్వు సదువుకున్నోడివి. ఆ పిల్లకు ఆ పేరే ఉండనీ. నీకు పున్నెముంటాది, దాన్ని ఎవురి కంటా పడనీయొద్దు."

అని చేతులు జోడించిందట. నాకు నయమై బడికి పోయేసరికి నేను మళ్లీ కుప్పమ్మనే. అమ్మ నాకోసం ఒకరి కాళ్లావేళ్లా పడిందన్నది నాకు అప్పుడు తోచలేదు, పద్మావతిని చంపేసిందన్నదే తోచింది.

పెళ్లి సంగతి ఇంకా చెప్పాలి. చిత్తూరులో బెల్లం మండీ ఉన్న వాళ్లింటి నుంచి సంబంధం వచ్చింది. పిల్లను చూసి మెచ్చుకున్నారు, పేరు విని ముఖాలు చూసుకున్నారు, అయినా ఒప్పుకున్నారు. ముహూర్తం వేళకు కన్యాదానానికి తల్లిదండ్రులు రావాలని పురోహితుడు పిలిస్తే అమ్మ కదలలేదు. మంచి రోజున, మేళతాళాల మధ్య, అంతమంది ముందు పీటల మీద కూర్చుని నా కూతురని ధారపోస్తే ఇన్నేళ్లు దాచింది ఒక్క గడియలో బయటపడిపోతుందని ఆమె భయం. నాయన ఎంతో బతిమాలాడు. చివరికి ఎదురింటి పెద్దమ్మా, ఆమె మొగుడూ వచ్చి పీటల మీద కూర్చుని నా పెళ్లికొడుకు కాళ్లు కడిగారు. పాపం పెద్దమ్మ ఏడుస్తూనే కడిగింది. మగపెళ్లివారిలో గుసగుసలు బయలుదేరాయి, ఈ పిల్ల పెంచుకున్న పిల్లా, ఎవరికి పుట్టిందో, మనకెందుకు చెప్పలేదు అని. ఆ గుసగుసలు నాతోపాటు చిత్తూరు దాకా వచ్చాయి. మా అత్త బతికున్నంత కాలం కోపం వస్తే, దిక్కూ మొక్కూ లేనిదాన్ని తెచ్చుకున్నాము అనేది. తల్లీ తండ్రీ ఇద్దరూ బతికి ఉండగా నేను ఆ మాట పడ్డాను. పెళ్లినాడు అమ్మ ఎక్కడుందంటారా? వంటలు చేసే చోట పొగలో నిలబడి ఉంది. అప్పగింతల వేళకు కూడా బయటికి రాలేదు.

నాకు కొడుకు పుట్టి, వాడు బడికి పోయే వయసు వచ్చాక ఒకసారి పుట్టింటికి పోయి, అమ్మను నేరుగానే అడిగాను. జేజి ఎప్పుడో పోయింది. తమ్ముడు పెళ్లి చేసుకున్నాడు. నేను ఒక బిడ్డకు తల్లినయ్యాను. ఇంక ఎవరికి భయం? ఒక్కసారి, ఈ వంటింట్లోనే, తలుపు వేసుకుని అయినా, నేను నీ బిడ్డనని అనమ్మా అన్నాను. అమ్మ చేతిలో ఉన్న గరిటె పక్కన పెట్టి, చెయ్యి తీసుకొచ్చి నా నోటికి అడ్డం పెట్టింది. ఆ చెయ్యి వణుకుతోంది. తర్వాత మళ్లీ గరిటె తీసుకుని కూర కలిపింది. కాదని ఒక్కమాట చెప్పినా పోట్లాడేదాన్ని, ఎందుకో చెప్పినా ఊరుకునేదాన్ని. ఏదీ చెప్పకపోవడం నాకు పెద్ద అవమానంగా అనిపించి, ఆ సాయంత్రమే బస్సెక్కి వచ్చేశాను.

చివరి రోజుల్లో అమ్మను తిరుపతి ఆసుపత్రిలో చేర్చారు. తమ్ముడికి పని, వాడు వచ్చి పోతుండేవాడు. పక్కన ఉన్నది నేనే, ఒళ్లు తుడిచిందీ, గంజి పోసిందీ నేనే. ఒకరోజు ఉదయం సూది వేయడానికి వచ్చిన నర్సమ్మాయి, ఇంత బాగా చూసుకుంటోంది, ఈమె నీ కూతురా అవ్వా అని అడిగింది. ఇప్పుడైనా అంటుంది, ఇంక దాచి కాపాడుకోవలసింది ఏముంది అనుకున్నాను. అమ్మ నావైపు చాలాసేపు చూసింది. మనిషి ఎండిపోయింది గాని చూపు మాత్రం తేటగానే ఉంది.

"యాడనో దిబ్బ మీద దొరికింది తల్లీ. మంచిది."

నర్సమ్మాయి నన్ను జాలిగా చూసి, భుజం తట్టి వెళ్లిపోయింది. ఆ తర్వాత తమ్ముడు వస్తే, వచ్చినావా నా బిడ్డా అని వాడి గడ్డం పట్టుకుంది. ఆ మర్నాడు పోయింది. అందరూ గొల్లున ఏడుస్తుంటే నాకు కన్నీరు రాలేదు, రానందుకు బంధువులు నన్ను ఎత్తిపొడిచారు కూడా. దిబ్బ మీద దొరికినదానికి ఏడుపెక్కడిదని నేను ఎదురు జవాబిచ్చాను. ఆ కోపంతోనే ఇన్నేళ్లూ గడిపాను.

ఇంక పేరు పెట్టిన రోజు సంగతికి వస్తాను. చివరికి అలమేలు అని ఖాయం చేశారు, మంచి పేరు, ఈ కొండ కింద పుట్టిన పిల్లకు తగిన పేరు. హాల్లో పూలు కట్టారు, వియ్యాలవారు వచ్చారు, ఎవరి చేతిలో చూసినా ఫోనే. పుట్టిన రోజు నుంచీ ఆ బిడ్డ ఫొటోలు లోకమంతా తిరుగుతున్నాయి, మా బంగారం, మా రాణి, మా ప్రాణం అని కింద రాసుకుంటారు. దిష్టి అనరు, భయం అనరు. నేను చూసి లోలోపల కుళ్లుకునేదాన్ని, ఎంత హాయిగా అంటున్నార్రా, మీ నోళ్లకు ఏ జేజీ తాళం వేయలేదు కదా అని.

బిడ్డను తెచ్చి నా ఒళ్లో పెట్టారు. ఇంటికి పెద్దదాన్ని గనుక పేరు నేనే ముందు పిలవాలట.

"అవ్వా, అందరికీ వినపడేట్టు పిలువు. వీడియో తీస్తా ఉండాము."

వంగి చూశాను. బిడ్డ కళ్లు తెరిచి నన్నే చూస్తోంది. నా వేలు దాని గుప్పిట్లో ఇరుక్కుంది. ఒంటి మీద ఒక్క మచ్చ లేదు, అంత చక్కని బిడ్డను నా జన్మలో చూడలేదు. నా అలమేలూ అని పిలుద్దామని నోరు తెరిచాను. అప్పుడే తలెత్తాను, చుట్టూ అన్ని కళ్లూ, అన్ని ఫోన్లూ ఆ బిడ్డ మీదే ఉన్నాయి. ఎక్కణ్ణుంచి వచ్చిందో గాని ఒక భయం నన్ను పట్టుకుంది. నేను చదువుకున్నదాన్ని, తట్టు ఎందుకు పోస్తుందో తెలిసినదాన్ని. అయినా నా నోట వచ్చిన మాట ఇది.

"ఎవురి బిడ్డో ఇది... యాడనో దిబ్బ మీద దొరికినట్టుండాది."

వియ్యపురాలి ముఖం మాడిపోయింది. మనవరాలు ముందుకొచ్చి, బిడ్డ గుప్పిట్లోంచి నా వేలు విడిపించి బిడ్డను తీసేసుకుంది. మనవరాలి కళ్లలో నీళ్లు తిరుగుతున్నాయి. మా కొడుకు అందరితో, అమ్మకు పెద్ద వయసు కదా, ఒక్కోసారి ఏదో అంటూ ఉంటుంది అని సర్దిచెప్పాడు.

నేను మాత్రం ఒక్క మాటతో అంతా సరిచేయవచ్చు. ఈ బిడ్డ నాకు ప్రాణం కంటే ఎక్కువ, అందుకే అట్లా అన్నానే అని చెబితే చాలు. నాలుక చివరి దాకా వచ్చింది. అది అంటే ఆ కాపుదల అక్కడే తెగిపోతుంది, దాచినదాన్ని దాచానని చెప్పాక ఇంక దాచడమేముంది? చెప్పలేక నోరు మూసుకుని కూర్చున్నాను. నా నోటికి అడ్డం పెట్టిన ఆ చెయ్యి ఎందుకు వణికిందో, ఎందుకు కారణం చెప్పలేదో, చెప్పడానికి అమ్మ లేకుండా పోయిన ఇన్నాళ్లకు నాకు తెలిసింది. తెలిసి ఏం లాభం? నా అక్కసు పోయిందా అంటే పోలేదు. ఒక్కసారి నా బిడ్డవి అనిపించుకుని, ఆ తర్వాత ఏమైనా కానీ అనుకునే పిల్ల ఇంకా నాలో ఉంది.

మా ఊళ్లో, ఆ కాలంలో నేనీ మాట అని ఉంటే, చుట్టూ ఉన్న ఆడవాళ్లందరికీ అర్థమయ్యేది. ముసలమ్మకు బిడ్డ మీద ఎంత ప్రేమో అనుకుని పక్కకు తిరిగి థూ థూ అని ఉమ్మేసి, నవ్వుకుని, బిడ్డ పాదాన కాటుక చుక్క పెట్టి ఉండేవాళ్లు. ఆ ఆడవాళ్లు లేరు, ఆ మాటకు అర్థం తెలిసినవాళ్లూ ఇంక లేరు. ఫోనులో చూస్తే ఐశ్వర్యం అని వస్తుంది. ఆ సాయంత్రం గదిలో మనవరాలు భర్తతో మాట్లాడుతుంటే నాకు వినబడింది, వీడియో బాగా వచ్చిందట, అవ్వ మాట్లాడిన ముక్క ఒక్కటీ కత్తిరించేసి అందరికీ పంపుతారట.